గుండు డబ్బా, బద్ద డబ్బా: ఒక స్కిజోఫ్రెనియా కేసు

ఒక కుర్రాడి ఓపీ చీటీ మీద రెండేళ్ళపాటు ఒకే మాట రాస్తూ వచ్చాను. "బాగున్నాడు. అవే మందులు." ఆ రెండేళ్ళలోనే అతనికి మూడు పనులు పోయాయి. మూడోది కూడా పోయాక గాని నేను రాసిన ఆ మాట వైపు నేను సరిగ్గా చూడలేదు. ఈ కేసు రాయడానికి కారణం అదే.

అతనూ అతని తల్లీ ఒప్పుకున్నాకే రాస్తున్నాను. గుర్తుపట్టకుండా కొన్ని వివరాలు మార్చాను. వాళ్ళది పలాస అవతల ఉద్దానంలో ఒక పల్లె అనుకుంటే చాలు. నేను శ్రీకాకుళంలో సైకియాట్రీ ప్రాక్టీసు చేస్తాను.

వచ్చినప్పుడు

మొదటిసారి వచ్చేనాటికి అతనికి ఇరవై నాలుగేళ్ళు. జీడిపప్పు ఫ్యాక్టరీలో కాటా దగ్గర పని. పలాస జీడి సంగతి తెలియని వాళ్ళ కోసం రెండు ముక్కలు. పిక్కల్ని ఆవిరి మీద ఉడికిస్తారు, పెంకు కొట్టి పప్పు తీస్తారు, ఆరబెట్టి పొర ఒలుస్తారు, ఆ తర్వాత గుండు (విరగని పప్పు) వేరు, బద్ద (రెండుగా విడిన పప్పు) వేరు, నూక వేరు చేసి సైజుల వారీగా ఏరతారు. ఒలిచేదీ ఏరేదీ ఎక్కువగా ఆడవాళ్ళే. సాయంత్రం ఎవరెంత ఒలిచారో తూచి పుస్తకంలో ఎక్కించేది ఇతను. టోకెన్ నంబరు అడగాలి, కాటా మీద అంకె చూడాలి, అందులోంచి గిన్నె బరువు తీసెయ్యాలి, రాయాలి. ఈలోపు వెనకున్న మనిషి తన గిన్నె ముందుకు తోసేస్తూ ఉంటుంది. వాళ్ళ కూలి లెక్కంతా ఆ పుస్తకం మీదే. చూడ్డానికి చిన్న పని. తలకి మాత్రం చాలా పెద్ద పని. ఆ సంగతి నాకు ఆలస్యంగా అర్థమైంది.

కాటా మీద వచ్చే అంకెలు తనకోసమే వస్తున్నాయని అతని నమ్మకం. పన్నెండు కిలోల మూడొందలంటే పన్నెండో తారీకున మూడు గంటలకి ఏదో జరుగుతుందని. ఏరే హాలులో ఒడియా మాట్లాడే ఆడవాళ్ళు కొందరుంటారు. వాళ్ళు నవ్వితే తన గురించేనని. టీలో ఏదో కలుపుతున్నారని టీ మానేశాడు. ఇద్దరు మగాళ్ళ గొంతులు తన పనికి వ్యాఖ్యానం చెబుతున్నట్టు వినిపించేవి, "ఇప్పుడు రాస్తున్నాడు, ఇప్పుడు తలెత్తాడు" అని. నెలన్నరగా సరైన నిద్ర లేదు. ఇంట్లో చిల్లంగి (చేతబడి) అనుకున్నారు. తాయెత్తు కట్టించి నాలుగు నెలలు చూశారు. తాయెత్తు గురించి నేనేమీ అనలేదు, ఇప్పటికీ అది అతని చేతికే ఉంది.

పాత కథ అడిగితే ఒక ముఖ్యమైన సంగతి బయటపడింది. ఇంటర్ వరకు లెక్కల్లో చురుకు. డిగ్రీ రెండో ఏడాది నుంచి తప్పడం మొదలైంది. పుస్తకం ముందు గంటలు కూర్చునేవాడట, పేజీ మాత్రం తిరిగేది కాదట. అప్పటికి గొంతులు లేవు, అనుమానాలు లేవు. అవి వచ్చింది ఆ తర్వాత రెండేళ్ళకి. నేను దీన్ని కేస్ షీటులో రాసుకున్నాను కూడా. రాసుకుని పేజీ తిప్పేశాను.

ఉద్దానంలో కిడ్నీ జబ్బులు ఎక్కువ కాబట్టి ముందు క్రియాటినిన్, అంటే కిడ్నీల పనితీరు చూపే రక్తపరీక్ష, చేయించాను. ఆ ప్రాంతం నుంచి ఎవరొచ్చినా నేను చేసే మొదటి పరీక్ష అదే. మేమిచ్చే మందుల్లో కొన్ని కిడ్నీల ద్వారానే బయటికి పోతాయి. గొంతులు, భ్రమలు తగ్గించడానికి ఇచ్చే రిస్పెరిడోన్ మోతాదు కూడా కిడ్నీ దెబ్బతింటే తగ్గించాలి. పైగా కిడ్నీ జబ్బు ముదిరితే అదే మనిషి మతిని మందగింపజేస్తుంది. అన్నీ మామూలుగానే వచ్చాయి. థైరాయిడ్, బి12 బాగున్నాయి. గంజాయి లేదు. పండక్కి పబ్బానికి మద్యం.

రిస్పెరిడోన్ మొదలుపెట్టి ఆరు మిల్లీగ్రాముల దాకా పెంచాను. మూడో వారానికి చేతులు వణికాయి, నడక బిగుసుకుంది. దానికి ట్రైహెక్సీఫెనిడిల్ రెండు మిల్లీగ్రాములు రెండు పూటలా కలిపాను. మా పేషెంట్లు దాన్ని "వణుకు మాత్ర" అంటారు. ఎనిమిది వారాలకి గొంతులు సన్నబడ్డాయి. పన్నెండో వారంలో వచ్చి నవ్వుతూ, "కాటా మాట్లాడ్డం మానేసింది సార్" అన్నాడు. ఆ రోజు నేను కూడా నవ్వాను.

బాగున్న రెండేళ్ళు

మళ్ళీ కాటా దగ్గరికే వెళ్ళాడు. మూడు వారాలు. ఒకావిడ రెండు కిలోలు ఇంకొకావిడ పేరు మీద పడ్డాయి, గొడవైంది, మానిపించారు. కాశీబుగ్గలో కిరాణా కొట్టు రెండు నెలలు. పెళ్ళిళ్ళలో వడ్డనకి వెళ్తే ఒక వరస రెండుసార్లు వడ్డించి పక్క వరస వదిలేశాడు.

తల్లి ప్రతిసారీ ఒకటే చెప్పేది. "గొంతులూ గింతులూ ఏటీ నేవు బాబూ, నిద్దర బాగానే పోతన్నాడు. ఒట్టి బద్దకం. సెప్పింది సెప్పినట్టే ఒగ్గేసి తొంగుంటాడు. కూడెట్టడం దండగ." నేను కూడా రెండు మూడుసార్లు అతనికి క్లాసు పీకాను. వయసులో ఉన్నవాడివి, అమ్మకి ఆసరాగా ఉండాలి, కాస్త కష్టపడాలి అని. లోపల మాత్రం 'నెగెటివ్ లక్షణాలు' అనుకున్నాను. అంటే ఉత్సాహం చచ్చిపోవడం, మాట తగ్గిపోవడం, ఏదీ పట్టకపోవడం. స్కిజోఫ్రెనియాలో అవి నిజంగానే ఉంటాయి, అతనిలో కొంత ఉన్నాయి కూడా. పని పోవడానికి ఆ పేరు పెట్టుకోవడం నాకు సులువైంది.

తర్వాత ఉల్లిపాయల సంగతి జరిగింది. కిలో ఉల్లిపాయలు, పావుకిలో చింతపండు, అప్ప (అతని అక్క) బీపీ మాత్రలు తెమ్మని తల్లి కాశీబుగ్గ పంపింది. మూడు గంటల తర్వాత అయిదు కిలోల ఉల్లిపాయలతో తిరిగొచ్చాడు. మిగతావి లేవు. ఆమె ఆ సంచీ కూడా నాకు చూపించడానికి తెచ్చింది. అతన్ని ఒంటరిగా కూర్చోబెట్టి ఏం జరిగిందని అడిగాను. చాలాసేపు నేల చూసి చెప్పాడు.

"మొదటిది మరిసిపోకూడదని దాన్నే లోపల అనుకుంటంటే రెండోది పడిపోద్ది సార్. రెండోది పట్టుకుంటే మొదటిది పోద్ది. బస్సు దిగేసరికి ఉల్లిపాయలన్న మాటొక్కటే మిగిలింది. అయిదనుకున్నాను. మిగతావి గుర్తొస్తాయేమోనని బస్టాండులో కూసున్నాను."

ఎంతసేపు అంటే రెండు గంటలన్నాడు. ఫోన్ చెయ్యచ్చు కదా అన్నాను. "మల్లీ అడిగితే అమ్మ తిట్టద్ది, సిగ్గు" అన్నాడు. పని మీద మనసు లేనివాడు రెండు గంటలు బస్టాండులో కూర్చుని చింతపండు గుర్తు తెచ్చుకోడానికి ప్రయత్నించడు. నేను పెట్టిన పేరు తప్పని అప్పుడు తెలిసింది.

కొలిచి చూస్తే

శనివారాలు మా దగ్గరికి ఒక క్లినికల్ సైకాలజిస్టు వస్తారు. ఆవిడ రెండు శనివారాలు అతనితో కూర్చున్నారు. అంకెలు చెప్పి తిరిగి చెప్పమంటే అయిదు వరకు చెప్పాడు. అవే వెనక నుంచి చెప్పమంటే రెండు దగ్గర ఆగిపోయాడు. డిగ్రీ దాకా చదివిన ఇరవైల వయసు వాళ్ళు నాలుగో అయిదో చెబుతారు. ఉల్లిపాయల కథ అంతా ఆ 'రెండు' లో ఉంది. విన్నదాన్ని అలాగే ఒప్పజెప్పడం ఒకటి, విన్నదాన్ని తలలో పట్టుకుని దానితో ఏదో ఒకటి చెయ్యడం వేరొకటి. దీన్నే వర్కింగ్ మెమరీ అంటాం. కాటా మీద అంకె చూసి, గిన్నె బరువు తీసేసి, టోకెన్ నంబరు మరిచిపోకుండా రాయడం మొత్తం దీని మీదే నడుస్తుంది.

పదిహేను మాటల జాబితా అయిదుసార్లు చదివి వినిపించారు. వరసగా నాలుగు, అయిదు, ఆరు, ఏడు, ఏడు. అరగంట తర్వాత నాలుగు. ఇదే జాబితా నేను మా కాంపౌండరుకి చదివితే అయిదోసారికి పన్నెండు చెప్పాడు. (కాంపౌండరు పోలికకి పనికిరాడు. బెంగళూరులోని మానసిక ఆరోగ్య సంస్థ నిమ్హాన్స్ వాళ్ళు మన దేశంలోని జనానికి చదువు, వయసు వారీగా తయారుచేసిన ప్రమాణాలున్నాయి, సైకాలజిస్టు చూసింది వాటితోనే. కానీ తల్లికి అర్థమైంది కాంపౌండరుతో పోలికే.) అంకెలకి గుర్తులు వేగంగా జోడించే పరీక్షలో తప్పులు తక్కువ, వేగం బాగా తక్కువ. మొహాల ఫోటోల్లో కోపం, భయం బాగానే పట్టాడు. ఏ భావమూ లేని మొహాల్ని మాత్రం "నన్ను వెటకారం చేస్తన్నట్టుంది" అన్నాడు. ఒడియా ఆడవాళ్ళ నవ్వు గుర్తొచ్చింది నాకు.

సామెతలు కూడా అడిగాను. పాతకాలం పరీక్ష, ఆలోచన ఎంత పైకి లేస్తుందో చూడ్డానికి. 'అడుసు తొక్కనేల, కాలు కడగనేల' అంటే ఏమిటంటే, "పొలం నుంచొస్తే కాళ్ళు కడుక్కోవాలి కదా సార్" అన్నాడు. పుస్తకం ప్రకారం ఇది సామెత లోపలికి వెళ్ళలేని ఆలోచన. రైతు ఇంటి కుర్రాడి నోట్లో ఇది తప్పు జవాబని రాయడానికి నా చెయ్యి రాలేదు. సామెతల పరీక్ష నేను దాదాపు మానేశాను.

ఇక్కడ కాస్త పాత సంగతి. ఈ జబ్బుకి 1890ల్లో జర్మన్ సైకియాట్రిస్టు క్రేపెలిన్ పెట్టిన పేరు డిమెన్షియా ప్రీకాక్స్. చిన్న వయసులోనే మతి తగ్గడం అని. గొంతులు, భ్రమలు ఆయనకి తెలియక కాదు, కానీ జబ్బు గుండెకాయ మతిలో ఉందనుకున్నాడు. 1908లో స్విస్ సైకియాట్రిస్టు బ్లాయ్లర్ స్కిజోఫ్రెనియా అని పేరు మార్చాడు. ఆయన చెప్పిందీ ఆలోచనల మధ్య అతుకు ఊడిపోవడం గురించే. సినిమాల్లో చూపించే, ఒకే మనిషిలో ఇద్దరుండే కథకీ దీనికీ సంబంధం లేదు. 1952లో క్లోర్‌ప్రొమజీన్ అనే మందు వచ్చింది, గొంతులు తగ్గడం మొదలైంది. మాకు అప్పటి నుంచే గొంతు తగ్గితే జబ్బు తగ్గినట్టే అనిపించడం అలవాటైంది. ముసలితనం డిమెన్షియాలాగా ఇది ఏటికేడు దిగజారుతూ పోదు. చాలామందిలో జబ్బు బయటపడక ముందే కొంత దిగి, ఆ తర్వాత ఆ మట్టం దగ్గరే ఉండిపోతుంది. ఇతని డిగ్రీ రెండో ఏడాది అదే. మనిషి మళ్ళీ పనిలో నిలబడతాడా లేదా అన్నది గొంతుల కన్నా ఈ మట్టం మీదే ఎక్కువ ఆధారపడుతుందని 1990ల నుంచి పరిశోధనలు చెబుతూనే ఉన్నాయి. నేనూ చదివాను. చదివినవాడినే రెండేళ్ళు "బాగున్నాడు" అని రాశాను.

రెండు డబ్బాలు

గొంతులు పోయినా కాటా మీద అనుమానం పూర్తిగా పోలేదు. "ఇప్పుడు మాటాడ్డం లేదు. అప్పుడు మాటాడింది నిజమే కదా" అనేవాడు. భ్రమ ఎలా నిలబడి ఉందో తెలుసుకోడానికి పూసల పరీక్ష ఒకటుంది. 1988లో లండన్ పరిశోధకులు ప్రచురించాక చాలా చోట్ల వాడారు. రెండు జాడీలు. ఒకదాంట్లో నూటికి 85 ఒక రంగు పూసలు, 15 ఇంకో రంగు. రెండో దాంట్లో తిరగేసి. ఏ జాడీయో చూపించకుండా ఒక్కొక్క పూసే తీసి చూపిస్తారు. ఏ జాడీలోంచి తీస్తున్నామో నమ్మకం కుదిరినప్పుడు చెప్పాలి. భ్రమలున్న వాళ్ళలో చాలామంది ఒకటి రెండు పూసలకే తేల్చేస్తారు.

నాకు తెలివి ఎక్కువై పూసల బదులు జీడిపప్పు తెప్పించాను. 85 గుండు, 15 బద్ద ఉన్న డబ్బా ఒకటి, దానికి తిరగేసింది ఇంకోటి. అతనికి అలవాటైన సరుకైతే తేలిగ్గా ఉంటుందని. మొదటి గుండు తీసి చూపించగానే, "గుండు డబ్బా" అన్నాడు. ఇంకోటి చూస్తావా అంటే అక్కర్లేదన్నాడు. ఆ తర్వాత కావాలని వరసగా బద్దలు తీశాను. "గుండు డబ్బాలో కూడా బద్దలుంటాయి కదా సార్" అన్నాడు. నాలుగో బద్ద దాకా అదే మాట. తల్లిని కూర్చోబెడితే తొమ్మిది చూసి గాని చెప్పలేదు. అప్ప ఏడు.

పుస్తకంలో ఉన్నట్టే వచ్చిందని సంబరపడ్డాను. సైకాలజిస్టు ఒక్క మాటతో గాలి తీసేశారు. ఏరే హాలులో పనిచేసినవాడు ఒక్క చూపుతోనే గుండా బద్దా తేల్చడం నేర్చుకుని ఉంటాడు, మీరు అతని వృత్తిని కొలిచారేమో అన్నారు. ఇంకో చిక్కు కూడా ఉంది. లెక్క వేస్తే, 85కి 15 ఉన్నప్పుడు మొదటిది గుండు వస్తే గుండు డబ్బా అయ్యే అవకాశం 85 శాతం, వరసగా రెండు వస్తే 97. రెండింటికే చెప్పడం తెలివితక్కువేమీ కాదన్నమాట. తొమ్మిది చూసిన తల్లే అతి జాగ్రత్త పడింది.

జీడిపప్పు పక్కన పెట్టి గాజు పూసలు తెచ్చాం. ఈసారి 60కి 40. ఇక్కడ రెండు ఒకే రంగు వచ్చినా నమ్మకం 69 శాతమే. అతను రెండో పూసకే చెప్పేశాడు. "ఎంత నమ్మకం?" అంటే, "పూర్తిగా" అన్నాడు.

ఎందుకంత తొందర అని నేను అడిగిన తీరు తప్పే, తప్పు పట్టినట్టు ఉంది. కానీ జవాబు విలువైంది. "ఎక్కువ తీస్తే ముందువి ఏ రంగో గుర్తుండవు సార్. అప్పుడు అసలు చెప్పలేను."

ఉల్లిపాయలూ పూసలూ ఒకే తల అని అప్పుడు కనిపించింది. సాక్ష్యాల్ని తలలో పేర్చి పెట్టుకోలేని మనిషి, ఉన్న ఒకటి రెండింటితో తేల్చేసి వాటిని గట్టిగా పట్టుకుంటాడు. పట్టు వదిలితే చేతిలో ఏమీ మిగలదు. వర్కింగ్ మెమరీ తక్కువగా ఉన్న వాళ్ళలో ఈ తొందర ఎక్కువని చూపించిన పరిశోధనలున్నాయి. భ్రమలన్నీ ఇలాగే పుడతాయని నేను అనను. ఎంతో జ్ఞాపకశక్తి ఉండి భ్రమల్లో ఉన్నవాళ్ళని చూశాను, ఒకాయన రిటైరైన లెక్కల మాస్టారు. ఈ కుర్రాడి విషయంలో మాత్రం ఇది సరిపోయింది. కాటా మీద ఒకే ఒక్కసారి అంకె కలిసింది, ఏదో మూడు గంటలకి ఎవరో చనిపోయిన కబురు వచ్చింది. కలవని వందల అంకెలు అతని తలలో నిలవనే లేదు.

నవ్వుల విషయంలో ఒక చిన్న ప్రయోగం చేశాం. అప్ప ఇంకో షెడ్డులో ఒలుపు పనికి వెళ్తుంది. ఆమెకి ఒడియా వచ్చు. ఒక వారం పాటు ఆ ఆడవాళ్ళు ఎన్నిసార్లు నవ్వారో, దేనికి నవ్వారో చూసి రమ్మన్నాం. తమ్ముడు అక్కడ లేనే లేడు, అయినా రోజంతా నవ్వుతూనే ఉన్నారు, ఒకామె మొగుడి గురించి ఎక్కువ. విని అతను కాసేపు ఆలోచించి, "నేను మానేశానని నవ్వుంటారు" అన్నాడు. అప్ప నెత్తి కొట్టుకుంది. నేనేమీ వాదించలేదు. ఎదురు సాక్ష్యం వచ్చినప్పుడు దాన్ని కూడా పాత నమ్మకంలోకే మడిచేసుకోవడం ఈ జబ్బులో బాగా తెలిసిన సంగతే. వాదిస్తే మడత ఇంకా బిగుస్తుంది.

నా వాటా

వణుకు మాత్ర. ట్రైహెక్సీఫెనిడిల్ మెదడులో అసిటైల్‌కోలిన్ అనే రసాయనం పనిని అడ్డుకుంటుంది. వణుకు అందుకే తగ్గుతుంది. కొత్త విషయం నేర్చుకోడానికి, గుర్తుంచుకోడానికి కావలసింది కూడా ఆ రసాయనమే. వణుకు తగ్గాక మూడు నాలుగు నెలలకి ఆ మాత్ర తగ్గించి చూడాలి. మా మొదటి ఏడాది పీజీలకి కూడా ఇది చెబుతాం. "అవే మందులు" అని రాసిన ప్రతిసారీ దాన్ని కూడా రాశానన్నమాట. రెండేళ్ళు. అసలే చిల్లు ఉన్న కుండకి ఇంకో చిల్లు నా చేత్తో పెట్టాను.

ఒక్కసారిగా ఆపకూడదు. నిద్ర పోదు, వాంతి వచ్చినట్టుంటుంది, వణుకు రెట్టింపై తిరిగొస్తుంది. ఎనిమిది వారాల మీద తగ్గించి ఆపాం. అదే సమయంలో రిస్పెరిడోన్ ఆరు నుంచి నాలుగుకి తెచ్చాను, అందుకే వణుకు అంతగా రాలేదు. టీ గ్లాసు పట్టుకుంటే కొంచెం అదురుతుంది, అతను పట్టించుకోడు. తల్లి మాత్రం మాత్ర తగ్గించానని భయపడి రెండుసార్లు ఫోన్ చేసింది.

క్లోజపిన్ ఎందుకు ఇవ్వలేదని ఒక జూనియర్ అడిగారు. రెండు మందులు సరిగ్గా వాడినా గొంతులు, భ్రమలు లొంగనప్పుడు అది. తెల్ల కణాలు పడిపోయే ప్రమాదం ఉంది కాబట్టి మొదటి 18 వారాలు వారం వారం రక్తపరీక్ష కావాలి. ఇతనికి గొంతులు లొంగాయి. మతి కోసం దాన్ని వాడరు. 2024 సెప్టెంబరులో అమెరికాలో అనుమతి వచ్చిన కొత్త మందు, జానోమెలిన్, ట్రాస్పియం కలిపింది, వణుకు మాత్ర అడ్డుకునే చోటే తలుపు తడుతుంది. అంటే సరిగ్గా ఎదురు దిశలో. ఆ అనుమతి స్కిజోఫ్రెనియాకే, జ్ఞాపకానికి విడిగా కాదు. నా టేబుల్ మీద ఉన్నవి చీటీలు, ఒక అప్ప.

చీటీలు

మతికి కసరత్తు చేయించే పద్ధతిని కాగ్నిటివ్ రెమెడియేషన్ అంటారు. పెద్ద ఊళ్ళలో కంప్యూటరు మీద, వారానికి రెండు మూడుసార్లు చేయిస్తారు. వీళ్ళు నా దగ్గరికి రావాలంటే డెబ్భై ఎనభై కిలోమీటర్లు, ఇద్దరి కూలి పోతుంది, ఛార్జీలు అదనం. అందుకని సైకాలజిస్టు అప్పకే నేర్పారు. ఆమె ఏడో తరగతి. నేను చూసిన చికిత్సకుల్లో ఓపిక విషయంలో ఆమె ముందుంటుంది.

సాయంత్రం అరగంట. మొదట రెండు వస్తువులు చెప్పి లోపలి నుంచి తెమ్మనడం. తప్పు జరిగే దాకా పెంచకూడదు, తప్పు జరగనంత చిన్నగా మొదలుపెట్టి మెల్లగా పెంచాలి. ఎందుకంటే వీళ్ళకి తప్పు కూడా గుర్తుండిపోయి మళ్ళీ అదే వస్తుంది. రెండో నెలలో మూడు వస్తువులు. వాటిని గుంపు కట్టడం నేర్పింది, వంటింటివి, దుకాణానివి అని. ఏం చెప్పినా కదిలే ముందు ఒకసారి తిరిగి చెప్పాలి. ఇంట్లో వాళ్ళకీ రూల్సు పెట్టాం. ఒకసారి ఒక పనే చెప్పాలి. చెప్పేటప్పుడు టీవీ ఆపాలి. ఇద్దరు కలిసి మాట్లాడకూడదు. తల్లికి ఇది కష్టమైంది, ఆవిడ నాలుగు పనులు ఒకే ఊపిరిలో చెప్పే మనిషి.

దీనికి సమాంతరంగా, జ్ఞాపకాన్ని తలలోంచి బయటికి తెచ్చే ఏర్పాట్లు. చొక్కా జేబులో చీటీ, పెన్సిలు. గోడ మీద సుద్దతో ఉదయం పనులు. మాత్రలకి వారం గళ్ళ డబ్బా. కసరత్తు కన్నా ఇవే ఎక్కువ పనిచేశాయని నా అనుమానం. కళ్ళజోడు పెట్టుకున్నవాణ్ణి చూపు లేనివాడని తిట్టం కదా అని తల్లికి చెప్పాను. "ఆడు రాసుకుంటే నలుగురూ నవ్వరా బాబూ?" అంది. నవ్వారు, కొన్నాళ్ళు.

అతని అనుమతితో ఫ్యాక్టరీ యజమానితో మాట్లాడాను. "మతి నేనోణ్ణి పెట్టుకుని ఏటి సెయ్యమంటారు సార్?" అన్నాడాయన. ఒకేసారి రెండు పట్టుకోలేడు, ఒకటైతే రోజంతా పట్టుకుంటాడు అని చెప్పాను. కాటా వద్దు, లెక్క వద్దు. ఎండబోసే కల్లం మీద పని ఇచ్చారు. పిక్కలు పరచడం, గంటకోసారి తిరగేయడం, మబ్బు పడితే కప్పడం. ఇక్కడి పిక్కలు వేసవిలో అయిపోయినా ఆఫ్రికా పిక్కలు దిగుతాయి కాబట్టి పని ఆగదు. ఉదయం ఏడు నుంచి పన్నెండు. సగం కూలి.

వైకల్యం సర్టిఫికెట్ దగ్గర ఆగిపోయాం. 2016 వికలాంగుల హక్కుల చట్టం కింద మానసిక వ్యాధి వల్ల వచ్చే వైకల్యాన్నీ లెక్కలోకి తీసుకుంటారు. దాన్ని కొలిచే పద్ధతిలో తన పనులు తాను చేసుకోవడం, మనుషులతో మెలగడం, మాట అర్థం చేసుకోవడం, ఉద్యోగం చూస్తారు. 40 శాతం గాని అంతకన్నా ఎక్కువ గాని ఉంటే సర్టిఫికెట్టు, దాని మీద పెన్షన్. మన రాష్ట్రంలో 2024 జూలై నుంచి అది నెలకి 6,000. మిగిలిన సగం కూలిని మించి వస్తుంది. అప్ప దరఖాస్తు వేద్దామంటుంది. తల్లి ఒప్పుకోదు. "పిచ్చోడని కాయితం ఇచ్చేస్తే పిల్లనెవరిస్తారు?" పెళ్ళి చేస్తే కుదుటపడతాడని ఆవిడ నమ్మకం. పెళ్ళి మందు కాదని, చెయ్యాలనుకుంటే పిల్ల తరఫు వాళ్ళకి అన్నీ చెప్పే చెయ్యాలని చెప్పాను. ఆ మాటకి నా మీద కోపం వచ్చింది. ఒక నెల అప్పే అతన్ని తీసుకొచ్చింది.

పది నెలల తర్వాత

సైకాలజిస్టు మళ్ళీ కొలిచారు. వెనక నుంచి అంకెలు మూడు. పదిహేను మాటల్లో అయిదోసారికి పది, అరగంట తర్వాత ఏడు. వేగం దాదాపు అక్కడే ఉంది. ఇందులో ఎంత మాత్ర ఆపినందువల్ల, ఎంత కసరత్తు వల్ల, ఎంత పాత పరీక్ష అలవాటైనందువల్ల అని విడదీయడం కుదరదు, అన్నీ ఒకేసారి చేశాం. 60కి 40 పూసల్లో అయిదు తీశాడు. తీసిన ప్రతి పూసనీ చీటీ మీద గీత గీసుకుంటూ. అది మోసమా అని అడిగాడు. కాదన్నాను.

మధ్యలో సంక్రాంతికి వారం రోజులు మాత్రలు మానేశాడు, రెండు రాత్రులు నిద్ర లేదు, మళ్ళీ వేసుకున్నాడు. గొంతులు రాలేదు. టీ తాగుతున్నాడు. కాటా అప్పుడు మాట్లాడిందనే ఇప్పటికీ అంటాడు, కానీ "అనుకుంటాను" అని ఒక మాట చివర్న చేరింది.

మొన్నటి ఓపీ చీటీ మీద రాసింది: కల్లం పని నాలుగో నెల, రెండు నాగాలు. సరుకులు చీటీతో అయిదుకి అయిదు, చీటీ లేకుండా రెండు. రిస్పెరిడోన్ నాలుగు. వణుకు మాత్ర లేదు. కాటా గదిలోకి ఇంకా వెళ్ళడం లేదు, వెళ్ళమని చెప్పలేదు. క్రియాటినిన్ వచ్చే నెల. తల్లి ఈసారి తనే వచ్చింది.